సందు మాస్టారొస్తే మేడ ఖాళీ

మా సందు మాస్టారికి లోకంలో ఇన్ని మాటలుండగా ఒక్క మాటే కావాలి: సందు. మిగతా మాటలన్నీ ఆయన దృష్టిలో అక్కడికి తీసుకెళ్ళే బస్సులు. ఎండ మండిపోతోందనండి, తలుపు సందులోంచి పడే ఎండ దగ్గర తేల్తారు. పన్ను నొప్పి అనండి, పంటి సందులో ఇరుక్కుంటారు. చావు సంగతి ఎత్తితే అయినా దారి మారుస్తాడేమో అని మా నాన్న ఒకసారి ప్రయత్నించాడు.

"పక్కవీధి ముసలాయన పోయాడట మాస్టారూ."

"పాపం. ఊపిరికీ ఊపిరికీ మధ్య ఒక సందుంటుందండీ. మనం గమనించం గానీ..."

నాన్న చెప్పులేసుకుని బయటికెళ్ళాడు. అన్నం వేళకి గానీ తిరిగి రాలేదు.

మాస్టారు అంటున్నాం గానీ, ఆయన ఏ బళ్ళోనూ పాఠం చెప్పినవాడు కాదు. ముప్ఫై నాలుగేళ్ళు ఒక అచ్చాఫీసులో ప్రూఫులు దిద్దాడు. మనిషి కూడా ప్రూఫు కాగితంలాగే పొడుగ్గా, సన్నగా, అంచులు కాస్త నలిగి ఉంటాడు. చెవి మీద ఎర్ర పెన్సిలు. పెళ్ళి చేసుకోలేదు, మా మేడలోనే ఒక వాటాలో ఒంటరిగా ఉండేవాడు. "ఎందుకు చేసుకోలేదు తాతయ్యా?" అని చిన్నప్పుడు నేనడిగితే, "సందు దొరకలేదమ్మా," అన్నాడు. పాపం అనిపించి జాలిగా చూశాను. అదే నేను చేసిన తప్పు. ఆ జాలిని పట్టుకుని నలభై నిమిషాలు చెప్పాడు.

ఆయన చెప్పేదేంటో మా మేడలో అందరికీ మొదటి ముక్క కంఠతా వచ్చు. రెండో ముక్క దాకా ఎవరం ఉండలేదు కాబట్టి రాదు.

"సంధి అంటే ఏంటమ్మా?"

"కలవడం, తాతయ్యా."

"సందు అంటే?"

"ఖాళీ."

"మరి కలవడంలోంచి ఖాళీ ఎలా పుట్టింది? సంధిలోంచే సందు వచ్చిందని చాలామంది పెద్దలు అంటారు. ఎలా వచ్చింది? చెప్పు! రెండు గోడలు కలిసే చోటే కదా సందుంటుంది? ఒంటిగోడకి సందెక్కడిది? అంటే..."

"తాతయ్యా, పాలు పొంగిపోతున్నాయి."

మా ఇంట్లో పాలు అన్నిసార్లు పొంగి ఉంటే వీధి వీధంతా తెల్లబడి ఉండేది.

మా మేడ గురించి కూడా చెప్పాలి. నాలుగంతస్తులు, ఇరవై రెండు వాటాలు, తొంభై ఆరుమంది మనుషులు, ఒక్కటే మెట్లదారి. ఆ మెట్ల మీద పక్కపక్కన ఒకళ్ళున్నర పడతారు. ఎదురుగా ఎవరైనా వస్తే ఒకళ్ళు గోడకి బల్లిలా అతుక్కోవాలి. కట్టి ఎన్నేళ్ళయిందో ఎవరికీ తెలీదు. గోడల నిండా బీటలు. వానొస్తే బయట ఆగిపోయాక కూడా లోపల గంటసేపు కురిసేది. ఒకసారి మొదటి అంతస్తు వసారా అంచు విరిగి పడి, కింద నిలబడి ఉన్న వడ్రంగి మామ పాదం నుజ్జయింది. ఆర్నెల్లు పనికి పోలేదు. ఇప్పటికీ కుంటుతాడు. ఆ వసారా ముక్కని చూసి అందరం "అమ్మో" అనుకున్నాం. తర్వాత దాన్ని మెట్ల పక్కన పెట్టుకుని బట్టలుతికే బండగా వాడుకున్నాం.

మాకు తెలీక కాదు. తెలిసి ఎక్కడికి పోవాలో తెలీక. ఆ అద్దెకి ఇంకో చోట గొళ్ళెం కూడా దొరకదు. అందుకని ఆ బీటల గురించి ఎవరైనా మాట్లాడితే మాకు ఒళ్ళు మండేది. మాట్లాడేది ఒక్క మాస్టారే.

ఆయన పద్ధతి ఇదీ. ఎర్ర పెన్సిలు, జిగురు డబ్బా, కత్తిరించిన ప్రూఫు కాగితం పట్టీలు పట్టుకుని మీ ఇంట్లోకి వస్తాడు. తిన్నగా గోడ దగ్గరికి పోయి బీట మీద వేలు పెట్టి అడుగుతాడు.

"దీన్ని మీరేమంటారు?"

ఏదో ఒకటి చెప్తే గానీ వదలడు. చెప్పిన మాటని పట్టీ మీద రాస్తాడు. చెప్పినవాళ్ళెవరో, ఏ వాటానో, తేదీ ఎంతో కింద వేస్తాడు. ఆ పట్టీని బీటకి అడ్డంగా, అటు చివర ఇటు చివర జిగురు పెట్టి, బిగువుగా అంటిస్తాడు. ఆ తర్వాత జేబులోంచి సీసపు రేకుల గుత్తి తీస్తాడు. అచ్చులో పంక్తికీ పంక్తికీ మధ్య ఎడం కోసం పెడతారే, ఆ రేకులు. సన్నది, కాస్త మందంది, ఇంకా మందంది. ఒక్కోటీ బీటలో దూర్చి చూస్తాడు.

"అదేంటి మాస్టారూ?" అని కుట్టుపిన్ని అడిగింది. ఆవిడ మా కింద, మూడో అంతస్తులో మిషను పెట్టుకుని జాకెట్లు కుట్టేది.

"మీరు చెప్పిన మాట మందం ఎంతో చూస్తున్నానమ్మా."

"నేను చెప్పింది 'ఊడిన కుట్టు' అని కదా. దానికి మందమేంటి?"

"ఇవాళ్టికి రెండు రేకులు."

కుట్టుపిన్ని బొటనవేలూ చూపుడువేలూ కణత దగ్గర పెట్టి, బల్బు తిప్పినట్టు తిప్పి మా అమ్మకి చూపించింది.

ఆ రకంగా మా మేడ గోడలన్నీ మాటలతో నిండిపోయాయి. మెట్ల మలుపులో వడ్రంగి మామది, 'చెక్క విరుపు'. మూడో అంతస్తు చివర వాటాలో మంచం దిగలేని మామ్మ ఉండేది, ఆవిడది 'నోరు'. మా ఇంట్లో మా అమ్మది, 'చీమల దారి'. రెండో అంతస్తులో లారీ డ్రైవరు బాబాయిది అయితే, "పోవయ్యా పెద్దమనిషీ, నిద్రొస్తోంది," అంటే అదే రాసి అంటించాడు, తేదీతో సహా.

ఆ పట్టీ ఎప్పుడైనా చిరిగితే మళ్ళీ వచ్చేవాడు. "పాత మాట అయిపోయిందమ్మా, కొత్తది చెప్పు," అనేవాడు. మొదట్లో ఏడాదికోసారి వచ్చేవాడు. తర్వాత నెలకోసారి. ఆ ఆఖరి వేసవిలో వారానికి రెండుసార్లు. మా అమ్మ దగ్గర మాటలు అయిపోయాయి.

"చీలిక చెప్పేశాను, నెర్రె చెప్పేశాను, పగులు చెప్పేశాను. ఇంకేం చెప్పను? నా తలకాయ!"

"రాసుకోమంటావా?"

"రాసుకోండి!"

'మా అమ్మ తలకాయ' మా వంటింటి గోడ మీద నాలుగు రోజులే ఉంది. ఐదోరోజుకి నిలువునా చిరిగింది. అమ్మ దాన్ని అపశకునం అనుకుని మాస్టారితో వారం మాట్లాడలేదు.

ఇంత అడావుడిలో మేం చేసింది ఒక్కటే, కాలికి బుద్ధి చెప్పడం. మామూలుగా ఎవరైనా విసిగిస్తే తలుపేసుకుంటాం. ఈయన విషయంలో అది పనిచెయ్యదు, ఆయన లోపలే ఉంటాడు, మన గోడ దగ్గర. అందుకని మనమే బయటికి పోవాలి. సొంత ఇంట్లోంచి అయినవాళ్ళందరూ వరసగా జారుకుని, వీధిలో నిలబడి, "ఇంకా ఉన్నాడా? పోయాడా?" అని కిటికీ వైపు చూసే కుటుంబాన్ని మీరెక్కడైనా చూశారా? మా మేడ ముందు రోజుకి ఒకటైనా కనపడేది. ఒక్క మామ్మే, కదలలేని మనిషి కాబట్టి, కదిలేది కాదు. ఆయన చెప్తుంటే ఆవిడ కళ్ళు మూసుకుని వింటుందని ఆయనా, నిద్రపోతోందని మేమూ అనుకునేవాళ్ళం. లారీ డ్రైవరు బాబాయి రాత్రంతా బండి నడిపి పగలు పడుకునేవాడు. లేచి పారిపోయే ఓపిక లేక, పడుకునేముందు చెవుల్లో ఇంతింత దూది కుక్కుకునేవాడు.

మేడ ఓనరు మాకు ఎప్పుడూ కనపడలేదు. ఆయన తరఫున ఒక గుమస్తా వచ్చేవాడు.

"ఏం మాస్టారూ, మేడకి పట్టీలేస్తున్నారా?" అన్నాడు ఒకసారి, పళ్ళికిలిస్తూ.

"దెబ్బ ఉంది కదండీ."

"గోడకి దెబ్బేంటండీ? కాస్త సున్నం రాలింది, అంతే. రంగేయిస్తాం లెండి."

నిజంగానే వేయించాడు. బీటల మీదా, పట్టీల మీదా, మామ్మ 'నోరు' మీదా కలిపి పసుప్పచ్చ రంగు కొట్టించి పోయాడు. మేం మురిసిపోయాం. మాస్టారు మాత్రం మర్నాడు పొద్దున్నే ఎర్ర పెన్సిలు చెవి మీద పెట్టుకుని మళ్ళీ మొదటినుంచి మొదలెట్టాడు.

ఆయన మేడల ఇంజనీరు ఆఫీసుకి ఉత్తరాలు రాస్తున్నాడని కూడా మాకు తెలుసు. పదకొండు రాశాడు. ఒక్కదానికి జవాబొచ్చింది. నన్ను పిలిచి చదవమన్నాడు.

"'అయ్యా, మీ భాషా పరిశోధనకి ఈ కార్యాలయంతో ఎటువంటి సంబంధమూ లేదు. దయచేసి కాలేజీలను సంప్రదించగలరు.' అసలు మీరేం రాశారు తాతయ్యా?"

నకలు చూపించాడు. ఐదు పేజీలు. మొదటి నాలుగు పేజీలూ సందు అనే మాట ఎలా పుట్టిందో, దాని అర్థాలెన్నో. ఐదో పేజీలో మా మేడ.

"ఐదో పేజీ ముందు పెట్టొచ్చు కదా తాతయ్యా?"

"మాట అర్థం తెలీకుండా విషయం ఎలా తెలుస్తుందమ్మా?" అన్నాడు, నిజంగా ఆశ్చర్యపోయి.

నేను డిగ్రీ ఆఖరి ఏడు చదువుతున్నదాన్ని. ఆ ఐదో పేజీ చదవాల్సింది. చదవలేదు. "పాలు పొంగుతున్నాయి తాతయ్యా," అని వచ్చేశాను. ఇది హాస్యంగానే రాద్దామనుకున్నాను గానీ, ఈ ఒక్క వాక్యం దగ్గర ఎన్నిసార్లు టైపు చేసినా నవ్వు రావడం లేదు.

ఆ రోజు ఆదివారం. సాయంత్రం నాలుగైంది. సెలవు కాబట్టి తొంభై ఆరుమందిమీ ఇళ్ళల్లోనే ఉన్నాం. మాది నాలుగో అంతస్తు. అమ్మ ఉతికిన బట్టలు మడతపెడుతోంది. నాన్న కునుకు తీస్తున్నాడు. మాస్టారు వచ్చాడు. జిగురు డబ్బా లేదు. పట్టీలు లేవు.

"కూర్చోండి మాస్టారూ," అంది అమ్మ, నిలబడుతూ.

"సంధి అంటే ఏంటి?" అన్నాడు ఆయన, గుమ్మంలోనే.

నాన్న కళ్ళు తెరవకుండానే చెప్పులు వెతుక్కున్నాడు. అమ్మ, "కిందికెళ్ళి ఉప్పు తెస్తా," అంది. రెండు నిమిషాల్లో మా ఇల్లు ఖాళీ. ఎప్పుడూ ఉండేదే. అయితే ఎప్పుడూ మేం పారిపోయాక ఆయన గోడ దగ్గర కూర్చునేవాడు. ఈసారి కూర్చోలేదు. మా వెనకే బయటికొచ్చి పక్కింటి తలుపు తట్టాడు.

"సంధి అంటే ఏంటి?"

వాళ్ళూ దిగారు. ఆ పక్కవాళ్ళు, ఆ తర్వాత వాళ్ళ పక్కవాళ్ళు. నాలుగో అంతస్తు మొత్తం సణుక్కుంటూ, పిల్లల్ని చంకనేసుకుని, గోడకి ఒరుసుకుంటూ ఒక్కొక్కళ్ళే దిగుతున్నాం. "ఆదివారం కూడా వదల్డా ఈయన?" "వీధివాళ్ళకి కూడా మనం అంటే నవ్వులాటైపోయింది!" నేను సగం మెట్లు దిగి ఆగాను. నాకు ఒళ్ళు మండింది. ఈ రోజు ఏదో ఒకటి కడిగేద్దామని మళ్ళీ పైకెక్కాను.

"ఏంటి తాతయ్యా ఇది? ఇంటికో నిమిషమా? మీరు నిమిషంలో ముగించారంటే నేను నమ్మను. ఏమైంది?"

ఆయన నా మణికట్టు పట్టుకున్నాడు. చెయ్యి చల్లగా ఉంది, జిగురు ఇంకా ఆరలేదు.

"నీకొక్కదానికే చెప్తున్నా. పరిగెత్తావో, నా మీద ఒట్టే. కింద మెట్ల పక్క స్తంభానికి మధ్యాహ్నం పట్టీ వేశాను. గంటలో చిరిగింది. ఇంకోటి వేశాను. ఇరవై నిమిషాలు. మూడోది నేను చెయ్యి తుడుచుకునేలోపే పోయింది."

నాకు అర్థం కావడానికి ఒక్క క్షణం పట్టింది. పట్టీ చిరగడమంటే బీట విచ్చుకోవడం.

"అరవండి తాతయ్యా! అందరికీ చెప్పండి!"

"అరవను."

"అయ్యో, ఎందుకూ?"

"ఈ మెట్ల మీద ఎంతమంది పడతారు? ఒకళ్ళున్నర. నేను అరిస్తే ఎంతమంది వస్తారు? తొంభై ఆరుమంది. లెక్క నువ్వే చెయ్యి." ఇంత మెల్లగా ఆయన ఎప్పుడూ మాట్లాడలేదు. "పైనుంచి ఒక్కో అంతస్తూ దింపుతున్నా. ఒకటి ఖాళీ అయ్యాకే ఇంకోటి. మామ్మని వడ్రంగి చేత ముందే కుర్చీలో దింపించాను, కాస్త ఎండ తగలాలని చెప్పి. నువ్వు కిందికి పో. గుమ్మం దగ్గర ఎవర్నీ ఆగనివ్వకు. వీధి అవతలికి పంపించు. ఏమని అడిగితే..."

"మీరు వీధిలోకి కూడా వస్తున్నారని చెప్తా."

"శభాష్," అన్నాడు.

ఆ మెట్లు నడుచుకుంటూ దిగడం నా బతుకులో నేను చేసిన అన్నిటికంటే కష్టమైన పని. నాకు నేనే లెక్కపెట్టుకుంటూ దిగాను. అరవై రెండు మెట్లు. స్తంభం పక్కనుంచి పోతూ చూడకూడదనుకుంటూనే చూశాను. మూడు పట్టీలు, మూడూ నడిమికి చిరిగి, అంచులు దూరంగా జరిగి ఉన్నాయి. మధ్యలోంచి చల్లటి గాలి వస్తోంది.

బయట గుమ్మం దగ్గర గుంపు కట్టారు.

"ఇక్కడ నిలబడొద్దు, మాస్టారు వీధిలోకి కూడా వచ్చేస్తున్నారు!" అన్నాను.

పనిచేసింది! "అమ్మ బాబోయ్," అంటూ అందరూ వీధి అవతల మూసి ఉన్న కొట్ల అరుగుల మీదికి పోయి కూర్చున్నారు. పైనుంచి ఆయన గొంతు దిగుతోంది. మూడో అంతస్తు. "సంధి అంటే ఏంటి?" కుట్టుపిన్ని సగం కుట్టిన జాకెట్టు చేత్తో పట్టుకుని, సూది నోట్లో పెట్టుకుని దిగింది. ఎవర్నో తిడుతోంది గానీ సూది వల్ల మాట తెలీడం లేదు. రెండో అంతస్తు. మొదటి అంతస్తు. మనుషులు మెల్లగా, చిరాగ్గా, తోసుకోకుండా దిగుతున్నారు. నేను వేళ్ళ మీద లెక్కపెడుతున్నాను. తొంభై మూడు. తొంభై నాలుగు. మాస్టారితో కలిపితే తొంభై ఐదు. ఒకళ్ళు తక్కువ.

మాస్టారు గుమ్మంలోంచి బయటికొచ్చి నా మొహం చూశాడు.

"ఎవరు?"

"డ్రైవరు బాబాయి. దూది!"

ఆయన వెనక్కి తిరిగాడు. ఆపుదామని చెయ్యి చాచేలోపే లోపలికి పోయాడు. మా అమ్మ అప్పుడే వీధి దాటి నా దగ్గరికొచ్చింది. "ఏంటే, అలా తెల్లబోయి ఉన్నావు?" అంది. చెప్పాను. అమ్మ నోరు తెరిచింది. నేను చేత్తో మూశాను.

రెండో అంతస్తులో మాస్టారు ఆ తలుపు ఎంతసేపు బాదాడో తెలీదు. గొళ్ళెం బలహీనంగా ఉండి ఊడొచ్చిందట. బాబాయి తర్వాత చెప్పాడు, కళ్ళు తెరిచేసరికి మొహానికి జానెడు దూరంలో మాస్టారి మొహం ఉందట. పెదాలు కదులుతున్నాయట. దూది వల్ల ఒక్క మాట వినపడలేదు. వినపడాల్సిన అవసరం లేదు కదా! బనీనుతో, లుంగీ ఒక చేత్తో పట్టుకుని, అడుగుకి మూడు మెట్ల చొప్పున ఉరికి వీధిలో పడ్డాడు. వెనకే మాస్టారు, రొప్పుతూ.

ముందు చప్పుడు రాలేదు. ముందు దుమ్ము వచ్చింది. కింది కిటికీలన్నిట్లోంచి ఒక్కసారే బయటికి ఊదినట్టు. ఆ తర్వాత మేడ వెనక సగం కూర్చుంది. పడలేదు, కూర్చుంది. అలిసిపోయిన మనిషి కూర్చున్నట్టు. నాలుగో అంతస్తు మా ఇంటి ముందు గోడ మాత్రం నిలబడింది. దాని మీద క్యాలెండరు వేలాడుతోంది. దాని కింద నేల లేదు.

ఎవరూ ఏడవలేదు, అప్పటికి. కుట్టుపిన్ని నోట్లోంచి సూది తీసి జాకెట్టుకి గుచ్చింది. "మిషను," అంది ఒకసారి. అంతే.

మమ్మల్ని దగ్గర్లో ఒక బళ్ళో పెట్టారు. మూడు గదులు, చిన్న పిల్లల బెంచీలు. చీకటి పడేసరికి ఏడుపులూ వచ్చాయి, తిట్లూ వచ్చాయి. పోయినవి తలుచుకుంటుంటే తరిగే జాబితానా అది? ఆ మధ్యలో కుట్టుపిన్ని లేచి మాస్టారి ముందుకొచ్చి నడుం మీద చేతులు పెట్టుకుంది.

"ఒక్క మాట చెప్పండి. మీరొస్తే మేం పారిపోతామని మీకు తెలుసా?"

"తెలుసమ్మా."

"ఎప్పట్నుంచి?"

"మొదటినుంచీ. మీరు పోతేనే గదా గోడ తిన్నగా చూడ్డానికి వీలు? మీరుంటే, 'ఎంత వెడల్పయింది మాస్టారూ, పడిపోతుందా మాస్టారూ' అని అడుగుతారు. నేను అబద్ధం ఆడలేను. నిజం చెప్తే మీరు రాత్రిళ్ళు నిద్రపోరు. పోవడానికా, చోటు లేదు."

లారీ డ్రైవరు బాబాయి చెవుల్లో దూది అప్పటిదాకా ఉంది. అది తీసి లుంగీ మడతలో దాచుకున్నాడు, దొంగతనం చేసినవాడిలా.

"సరే, అరిచి చెప్పి ఉంటే?" అన్నాడు వడ్రంగి మామ. "మెట్లిరుకు అనే గదా మీ భయం?"

మాస్టారు తన వేళ్ళ మీది ఎండిన జిగురు గీక్కున్నాడు.

"మా అచ్చాఫీసులో ఒకరోజు కాగితాల గదికి నిప్పంటుకుంది. చిన్న మంట. చూసింది నేనే. 'మంటలూ' అని అరిచింది నేనే. నలభైమంది ఒక్క తలుపు మీద పడ్డారు. మంట తర్వాత పది నిమిషాల్లో ఆరిపోయింది. తలుపు దగ్గర మాత్రం ఏడుగురు పోయారు. మా తమ్ముడు అక్కడే అక్షరాలు కూర్చేవాడు. వాడి చొక్కాకి మసి కూడా అంటలేదమ్మా."

ఎవరో అడిగినట్టుగా మళ్ళీ అన్నాడు.

"ఆ తలుపు వెడల్పు ఎంతో నాకప్పుడు తెలీదు. రోజూ అందులోంచే వెళ్ళేవాణ్ణి."

మా అమ్మ లేచి వెళ్ళి ఆయన పక్కన బెంచీ మీద కూర్చుంది. అమ్మ ఆయన పక్కన కూర్చోవడం నేను అదే మొదటిసారి చూడటం.

మర్నాడు పొద్దున ఇంజనీరుగారు వచ్చారు. చేతిలో ఫైలు, మొహంలో రక్తం లేదు. మా పేర్లు, వాటాలు రాసుకోవాలన్నారు. ఎవరు ఏ వాటాలో ఎప్పట్నుంచి ఉంటున్నారో రుజువు కావాలన్నారు, ఇంకో చోట ఇళ్ళు ఇవ్వాలంటే. రుజువులన్నీ ఆ మట్టి కింద ఉన్నాయి. ఓనరు గుమస్తా అప్పటికే, "అందులో సగంమంది ఎవరో మాకు తెలీదు," అని రాసిచ్చాడట.

మాస్టారు అట్టపెట్టె ఒకటి తెచ్చి బల్ల మీద పెట్టాడు. చిరిగిన పట్టీలన్నీ ఆయన పారెయ్యలేదు. ఏ రోజుకారోజు తీసి, అతికించి, వాటా నంబరు ప్రకారం పేర్చాడు. ఆ పెట్టెని మేడలో కాకుండా వేరే చోట, పాత అచ్చాఫీసు మిత్రుడి దగ్గర ఉంచాడు. ఇరవై రెండు వాటాలు, ఆరేళ్ళు, ప్రతి మనిషి పేరూ, తేదీ, రేకుల లెక్కా. ఇంజనీరుగారు ఒకటి తీసి పైకి చదివారు.

"నాలుగో అంతస్తు, మూడో వాటా. 'నా తలకాయ'?"

"నాదే నాదే!" అంది అమ్మ, చెయ్యెత్తి. "మా వాటానే అది!"

అలా ఒక్కొక్కళ్ళం మా మాటలు మేం చెప్పుకుని పేర్లు రాయించుకున్నాం. "'పోవయ్యా పెద్దమనిషీ, నిద్రొస్తోంది'?" అంటే బాబాయి తలొంచుకుని వెళ్ళి సంతకం పెట్టాడు. పన్నెండయ్యేసరికి ఇరవై రెండు వాటాలూ కాగితం మీదికి వచ్చేశాయి. ఇళ్ళిస్తారని ఇంజనీరుగారు సంతకంతో రాసిచ్చారు.

అన్నీ సర్దుకుని ఆయన ఫైల్లోంచి ఉత్తరాల కట్ట తీశారు. పదకొండు.

"మాస్టారూ, నిన్న చదివాను. ఐదో పేజీలన్నీ." కట్ట బల్ల మీద పెట్టారు. "మీరు వెడల్పులన్నీ రాశారు. అందులో కొన్ని లెక్కలు నాకు అర్థం కాలేదు. కాస్త చెప్తారా?"

"ఐదో పేజీ అర్థం కావాలంటే మొదటి నాలుగూ తెలియాలండీ."

గదిలో మిగతా అందరం ఊపిరి బిగబట్టాం. ఇంజనీరుగారి చూపు గుమ్మం మీదికి పోయింది. కుట్టుపిన్ని, వడ్రంగి మామ, డ్రైవరు బాబాయి టక్కున లేచి గుమ్మానికి అడ్డంగా నిలబడ్డారు. ఎలా పోతాడో చూద్దాం అన్నట్టు.

"గుమ్మం వదలండి," అన్నాడు మాస్టారు. "గుమ్మానికి అడ్డం నిలబడకూడదు. ఎవరూ, ఎప్పుడూ."

వదిలారు. తలుపు బార్లా తెరిచి ఉంది. బయట వీధి, ఎండ, ఆయన వచ్చిన కారు కనపడుతున్నాయి. ఇంజనీరుగారు వాటి వైపు ఒకసారి చూశారు. మా వైపు చూశారు. ఆ చిన్నపిల్లల బెంచీలో మోకాళ్ళు గడ్డానికి తగిలేలా ఇరుక్కుని కూర్చుని, పెన్ను తీశారు.

"చెప్పండి మాస్టారూ. మొదటినుంచి."

మాస్టారి మొహం చూడాలి! ఆరేళ్ళలో తనంతట తాను కూర్చున్న మొదటి మనిషి. చెవి మీంచి ఎర్ర పెన్సిలు తీసి, చొక్కా అంచు సర్దుకుని, మొదలుపెట్టాడు.

"సంధి అంటే ఏంటి?"

మేమందరం ఆయన్ని కళ్ళ నిండా చూసుకున్నాం. మా ప్రాణాలు నిలబెట్టిన మనిషి, మా దేవుడు. ఎంత చేసినా తీరే రుణమా అది? అలా చూసుకుంటూనే ముందు నాన్న లేచాడు. వెనకే అమ్మ. ఆ వెనక కుట్టుపిన్ని. ప్రాణం పోసినవాడి మీద గౌరవం వేరు, రెండో ముక్క దాకా కూర్చోవడం వేరు. మెల్లగా, తోసుకోకుండా, ఒకళ్ళ వెనక ఒకళ్ళం బయటికి జారుకున్నాం.